‘ఆవేశం’: పరాయి ఊళ్లో ఇంటి మాట

మలయాళ చిత్రం ‘ఆవేశం’ 2024 ఏప్రిల్‌లో విడుదలైంది. దర్శకుడు జీతూ మాధవన్. 2023లో ఇతడే తీసిన ‘రోమాంచం’లాగే ఇదీ బెంగళూరులో ఉండే మలయాళీ కుర్రాళ్ల కథ. నవ్విస్తూనే భయపెట్టే ఈ చిత్రం కుర్రకారును ఆకట్టుకోవడానికి ఫహద్ ఫాసిల్ నటన, సుషిన్ శ్యామ్ సంగీతం కారణాలని చెప్పుకున్నారు. నిజమే. కాని కావేరిపట్టణం వంటి చోటు నుంచి చూసేవారికి మరో కారణం కనిపిస్తుంది. అది భాష.

అజు, బిబి, శాంతన్ ఇంజనీరింగు చదువుకు బెంగళూరు వస్తారు. సీనియర్ల చేతిలో దెబ్బలు తిని, పగ తీర్చుకోవడానికి రౌడీ అండ కోసం బార్ల వెంట తిరుగుతారు. రంగా దొరుకుతాడు. తెల్లబట్టలు, ఒంటినిండా బంగారం. తల్లి మలయాళీ, అతని మలయాళంలో కన్నడం కలగలిసి ఉంటుంది. ఆ యాసకు మొదట నవ్వుతాం. అనుచరుడు అంబాన్ చెప్పే రంగా ప్రతాపాలన్నీ కోతలే అనుకుంటాం. అవి కోతలు కావని తేలాక అదే యాస వింటే ఒళ్లు జలదరిస్తుంది. పలుకు మారలేదు, వినే చెవి మారింది.

పరాయి ఊళ్లో మన మాట వినబడితే ఆ మనిషి మంచివాడా కాడా అని ఆరా తీయం, దగ్గరికి పోతాం. ఈ ముగ్గురూ చిక్కుకున్నది అక్కడే. రంగా సంగతీ అంతే: తల్లి భాష మాట్లాడే పిల్లలు దొరికాక ఇక వదలడు. కావేరిపట్టణంలో ఇంట్లో తెలుగు, బడిలో తమిళం. చదువుకో కొలువుకో సుమారు 100 కిలోమీటర్ల దూరంలోని బెంగళూరు పోతే కన్నడం. అక్కడి హాస్టల్లో ‘ఏమప్పా, మనోడివా?’ అన్న పిలుపుకు ఎంత బలముందో ఆ దారిన పోయినవారికి వేరే చెప్పనక్కరలేదు.

అందుకే దీన్ని మూలంలోనే, కింద వచ్చే అక్షరాలు చదువుకుంటూ చూడాలి. అదే ఏడాది ‘ప్రేమలు’ తెలుగులోకి వచ్చినప్పుడు ఆదిత్య హాసన్ రాసిన మాటలు బాగా పేలాయి. అయినా హైదరాబాదుకు వచ్చిన మలయాళీలూ ఆ ఊరివాళ్లూ అందరూ తెలుగే మాట్లాడితే, ఎవరు ఎవరికి పరాయి?

‘ఆవేశం’లో లోపాలు లేకపోలేదు. బిబి తల్లి తప్ప గుర్తుండే స్త్రీ పాత్ర లేదు. చివరి పోరాటం సాగదీత. మాటతో పుట్టించిన భయాన్ని పిడికిళ్లతో ముగించడం నాకు నచ్చలేదు. అక్కడ రంగా మామూలు సినిమా వీరుడైపోయాడు.

మన సినిమాల్లో పొలిమేర తెలుగు ఎక్కువగా నవ్వులాటకే పనికొచ్చింది. కథల్లో అలా కాదు. స.వెం.రమేశ్, అగరం వసంత్ వంటివారు మొరసునాటి పలుకుతోనే దుఃఖమూ రోషమూ చెప్పారు. వాటిని పక్కన పెట్టుకొని, రంగా ఆ పిల్లలను మొదటిసారి పలకరించే సన్నివేశాన్ని మన కృష్ణగిరి తెలుగులో, మధ్యమధ్య తమిళంతో, ఎవరైనా విద్యార్థి రాసి చూడవచ్చు.