మొదటి బహుమతి రాని జత

పుష్య పౌర్ణమికి ఎమ్మిగనూరులో నీలకంఠేశ్వరస్వామి జాతర జరిగే రోజుల్లోనే పశువుల సంత నిండుతుంది, బండలాగుడుకు బరి సిద్ధమవుతుంది. పోటీ ముగిశాక మొదటి బహుమతి కొట్టిన జత పేరు ఊరూరా మోగుతుంది. యజమాని ఎవరు, ఎంత పెట్టి కొన్నాడు, ఏం మేపుతున్నాడు అని రచ్చబండల మీద మాట్లాడుకుంటారు. నాలుగో స్థానంలోనో ఐదో స్థానంలోనో నిలిచిన ఎడ్లు మాత్రం వాహనం ఎక్కి ఇంకో తిరునాళ్లకు వెళ్లిపోతాయి. ఆదోని, ఎమ్మిగనూరు వైపు ఈ విద్యను నిలబెడుతున్నది గెలిచిన జతల కన్నా ఇలా తిరిగే జతలేనని నా నమ్మకం. అది ఎందుకో తెలియాలంటే బండ లాగడంలో ఉన్న పనితనం ముందు తెలియాలి.

చూసేవాళ్లకు ఇది ఒట్టి బలం పోటీ. పళ్లను బట్టి ఎడ్లను విభాగాలు చేస్తారు: పాలపళ్లవి, రెండు పళ్లవి, నాలుగు, ఆరు పళ్లవి, ఆపైన పెద్దవి. ఇచ్చిన సమయంలో ఎన్ని అడుగుల దూరం లాగాయన్నదే లెక్క. పెద్ద ఎడ్లు లాగే బండ టన్ను బరువు దాటుతుంది. ఆగిన బండను కదిలించడానికి పట్టే బలం, కదులుతున్న బండను సాగించడానికి అక్కర్లేదు. కాబట్టి ఎంత గట్టిగా లాగాయన్నదాని కన్నా ఎన్నిసార్లు ఆగాయన్నదే ఫలితం తేలుస్తుంది. కుడివైపు కట్టే ఎలపటెద్దు, ఎడమవైపు కట్టే దాపటెద్దు ఒకేసారి కాడికి ఆనాలి. ఒకటి అరక్షణం ముందు దూకిందా, కాడి ఏటవాలవుతుంది, బరువంతా దాని మెడ మీదికే వస్తుంది. జతలో ఒకటి బలం తక్కువదైతే కాడికి మోకు బిగించే చోటును బలమైన ఎద్దు వైపు కొంచెం జరుపుతారు. రెండోదాని వైపు కాడి పొడవవుతుంది, దాని వంతు భారం తగ్గుతుంది. బరి చివర మలుపులో తోలేవాడి నేర్పు బయటపడుతుంది. ఎడమకు తిప్పేటప్పుడు లోపలుండే దాపటెద్దు దాదాపు నిలబడ్డ చోటే అడుగులు మార్చుకోవాలి, ఎలపటిది బయటి చుట్టంతా తిరిగి రావాలి. దాపటిది తొందరపడితే జత చెదిరి బండ నిలిచిపోతుంది. గొంతుతోనే ఒకదాన్ని ఆపి ఇంకోదాన్ని ఉరికించగలవాడే తోలడం వచ్చినవాడు.

ఈ నేర్పు ఒక్కరోజు గెలుపుతో వచ్చేది కాదు, గెలవనంత మాత్రాన పోయేదీ కాదు. మనుషుల ఆటలోనూ ఇంతే. అమెరికా బేస్‌బాల్‌లో బంతి విసిరే పిచర్ ఎడ్విన్ జాక్సన్ 2003 నుంచి 2019 దాకా 14 మేజర్ లీగ్ జట్లకు ఆడాడు. అతని ఖాతాలో గెలుపులు 107, ఓటములు 133. ఓటములే ఎక్కువ. అయినా ఒక జట్టు వదిలేస్తే ఇంకో జట్టు పిలిచి తీసుకుంది, ఎందుకంటే ఏ మైదానంలో నిలబెట్టినా తన పని చేసిపెట్టే చెయ్యి అది. 2010 జూన్ 25న ఆరిజోనా తరఫున 149 బంతులు విసిరి, ఎదుటి జట్టుకు ఒక్క హిట్ కూడా ఇవ్వలేదు. చేతులు మారే ఎద్దుకూ విలువ ఇలాగే వస్తుంది. కొత్త యజమాని, కొత్త కాడి, పక్కన అలవాటు లేని ఇంకో ఎద్దు. వాటికి సర్దుకోగలిగిన ఎద్దు పక్కన కోడెను కడితే ఆ కోడె పని నేర్చుకుంటుంది. గెలిచిన జతను యజమాని విడదీయడు. విడివిడిగా అమ్ముడుపోయి ఊళ్లు మారే ఎడ్ల వల్లనే విద్య ఒక కొట్టం నుంచి ఇంకో కొట్టానికి చేరుతుంది.

పిచర్ ఇష్టపడి ఒప్పందం మీద సంతకం పెట్టాడు, ఎద్దును ఎవరడిగారు అని ఒకరు నిలదీయవచ్చు. న్యాయమైన ప్రశ్నే. జల్లికట్టునూ ఎడ్లబండి పందేలనూ 2014లో సుప్రీంకోర్టు నిషేధించింది. ఆ తర్వాత తమిళనాడు, కర్ణాటక, మహారాష్ట్ర చేసిన చట్ట సవరణలను 2023లో రాజ్యాంగ ధర్మాసనం సమర్థించింది. అంత మాత్రాన హింస ఒప్పు కాలేదు. చర్నాకోల వాతలతో, ములుకోల పోట్లతో లాగించిన అడుగులను నేర్పు కింద జమ కట్టడం తప్పు. అలా లాగించేవాడికి తోలడం రానట్టే. దెబ్బను నిషేధిస్తే పోటీ చప్పబడిపోతుందనే నిర్వాహకులకు నా జవాబు ఇదే: దెబ్బ లేనప్పుడే జత కుదిరిందో లేదో తెలుస్తుంది.

ట్రాక్టర్లు వచ్చాక ఎడ్లతో పనేముందన్నది రెండో మాట. ఈ వైపు నల్లరేగడిలో పత్తి సాళ్ల మధ్య గుంటక తోలడానికి, గొర్రుతో విత్తనం వేయడానికి ఎడ్లు ఇంకా అక్కరకొస్తున్నాయి. సాలు తప్పకుండా, మొక్క తొక్కకుండా నడిచే ఎద్దుకు కావలసిన నిదానం, బరి మలుపులో దాపటెద్దు చూపే నిదానం వేరు కావు. అయితే ఎడ్లు తగ్గుతున్నాయి, దాన్ని కాదనలేం. పంట చేతికి రాని ఏడు ఇంటిల్లిపాదీ సుగ్గికి, అంటే వలస కూలికి, పోతే కొట్టంలో మేత వేసేవాళ్లుండరు. ఉలవలు, తవుడు, జొన్నచొప్ప కొని మేపి, వాహనానికి కిరాయి పెట్టుకుని జాతరకు వచ్చే చిన్న రైతుకు ఐదో స్థానంలో ఏమీ దక్కకపోతే మరుసటి ఏడు అతను రాడు. మొదటి బహుమతిని ఇంకా పెంచి పేరు తెచ్చుకునే బదులు ఆ పెంచే సొమ్ముతో కింది స్థానాలకు బహుమతులు, పాల్గొన్న ప్రతి జతకూ దారి ఖర్చు, మేత ఇవ్వవచ్చు. ఎమ్మిగనూరు జాతరలోనే అది మొదలు కావాలి.