ముందు మాట పడాలి

శివరాత్రికి కోటప్పకొండ చుట్టుపక్కల ఊళ్లన్నీ ప్రభలు కడతాయి. ప్రభ ముందు స్టేజీ, స్టేజీ మీద మైకు, ఆ మైకు దగ్గరకి ఎవరో ఒక కుర్రాడు. పాట రాకపోతే డైలాగు చెబుతాడు. అది రాముడి డైలాగు కాదు, ధర్మరాజుది అసలే కాదు. ‘ఏమంటివి, ఏమంటివి’ అని అందుకోగానే కింద ఈలలు మొదలవుతాయి. 1977 సంక్రాంతికి వచ్చిన ‘దానవీరశూర కర్ణ’లో దుర్యోధనుడి మాట అది. ఆ సినిమా వచ్చేనాటికి ఆ కుర్రాడి నాన్నకే మీసాలు వచ్చి ఉండవు.

ఆ మాటలు మన గాలిలోంచే వచ్చాయని మనలో చాలామందికి తెలియదు. రాసిన కొండవీటి వెంకటకవి 1918లో పుట్టింది విప్పర్లలో, క్రోసూరు దగ్గర. ఇప్పటి లెక్కలో అది పల్నాడు జిల్లాయే. సంస్కృత పండితుడు, పైగా హేతువాది. పురాణాలను నమ్మని మనిషి చేత ఎన్టీఆర్ పౌరాణికం రాయించుకున్నాడు. అదే సినిమాలో శకుని వేసిన ధూళిపాళ దాచేపల్లివాడు. ఆయన సినిమాల్లోకి వచ్చిందే 1962లో ‘భీష్మ’లో దుర్యోధనుడిగా. అధికారం కోసం పంతం పట్టిన పాత్రలకు మాట ఇచ్చినవాడూ, గొంతు ఇచ్చినవాడూ మన నేల మీద పుట్టినవాళ్లే. ఇది కాకతాళీయం కావచ్చు. నాకైతే అలా అనిపించదు, పల్నాటివాణ్ణి కదా.

నాటికలు రాయడం, కుర్రాళ్ల చేత ఆడించడం నాకున్న పాత వ్యసనం. ఆ పనిలో ఒక సంగతి పట్టుబడింది. అధికారం గురించి చెప్పే మాట జనం నాలుక మీద నిలవాలంటే అందులో గొప్ప కాదు, దెబ్బ ఉండాలి. దుర్యోధనుడు ఆ సభలో తన బలం గురించి ఒక్క ముక్క చెప్పుకోడు. కర్ణుడి కులం అడిగారన్న కోపంలో వాదనకు దిగుతాడు. అస్త్రవిద్య చూపించమన్న చోట పుట్టుక ఎందుకని అడుగుతాడు. కుండలో పుట్టిన గురువుతో మొదలుపెట్టి, గంగకు పుట్టిన తాత మీదుగా, వశిష్ఠుడి దగ్గర్నుంచి వ్యాసుడి దాకా వచ్చి, చివరికి తన తండ్రి ఎలా పుట్టాడో కూడా సభలో పెట్టేస్తాడు. పక్కింటిది కాదు, సొంత ఇంటి పైకప్పు పీకి చూపిస్తాడు. ఆ తెగింపు చూసే జనం ఆగిపోతారు. తన వంశాన్నే పణంగా పెట్టి వాదించేవాడి దగ్గర అబద్ధం ఉండదనిపిస్తుంది.

కానీ ఉంటుంది. అర్జునుడికి ఎదురు నిలిచే విలుకాడు అతనికి కావాలి. అంగరాజ్యం ఇవ్వడంలో స్నేహం ఎంతో, అవసరమూ అంతే. వెంకటకవి ఈ రెండో సంగతిని దాచలేదు. అలాగని మనకు అరిచీ చెప్పలేదు. న్యాయమైన మాటను అన్యాయం చేయబోయేవాడి నోట్లో పెట్టి వదిలేశాడు. చప్పట్లు కొట్టిన చేతులే తర్వాత ద్రౌపది సభలో ఏం చేయాలో తెలియక ఒళ్లో పడి ఉంటాయి. రచయితగా నాకు అసూయ పుట్టించేది ఇదే.

అంత గ్రాంథికం, అన్ని సమాసాలు, బడి మెట్లెక్కని వాళ్లకి ఎలా ఎక్కింది? మా హార్మోనిస్టు మాస్టారు దీనికి తేలిక జవాబు చెప్పేవారు. కథ ముందే తెలుసు. కుండలో ద్రోణుడు, చేపలపిల్ల సత్యవతి, వీళ్లంతా హరికథల్లో, రాత్రంతా సాగే పద్యనాటకాల్లో ఊరికి చుట్టాలే. అర్థం ఎవరూ వెతుక్కోనక్కర్లేదు, వింటే చాలు. పైగా దాదాపు ప్రతి వాక్యం చివరా ఒక ప్రశ్న నిలబడుతుంది. ప్రశ్న దగ్గర నటుడికి ఊపిరి దొరుకుతుంది, జనానికి ఈల దొరుకుతుంది. ‘గాడ్‌ఫాదర్’లో బ్రాండో గొణిగితే సరిపోయింది, అతని మొహం దగ్గరికి కెమెరా వచ్చింది. మన దుర్యోధనుడు మైకు కూడా లేని రోజుల్లో చివరి వరస చాప దాకా వినపడాల్సినవాడు. ఆ వారసత్వమే సినిమాలోకి వచ్చింది.

కులం అడిగితే నిలదీసిన ఆ మాట పల్నాడులో వినపడే తీరు కూడా వేరు. కారెంపూడిలో ఏటా కార్తీక అమావాస్య నుంచి అయిదు రోజులు పల్నాటి యుద్ధ వీరుల ఉత్సవాలు జరుగుతాయి: రాచగావు, రాయబారం, మందపోరు, కోడిపోరు, కల్లిపాడు. అన్ని కులాలవాళ్లూ ఒకే చాప మీద కూర్చుని తిన్న చాపకూడు కథ, బ్రహ్మనాయుడి పక్కన కత్తి పట్టిన మాల కన్నమదాసు కథ అక్కడ చిన్నప్పటి నుంచీ చెవిన పడతాయి. చాపకూడు విన్న చెవికి దుర్యోధనుడి ప్రశ్న కొత్తగా ఉండదు. ఆ ప్రశ్న నాయకుడు అడగాల్సింది, ప్రతినాయకుడి నోట వచ్చిందేమిటన్నదే వింత.

మనకు సొంత దుర్యోధనుడు లేడు గానీ నాయకురాలు నాగమ్మ ఉంది. ఎక్కడో కరీంనగర్ వైపు ఆర్వెల్లి నుంచి వచ్చి, జిట్టగామాలపాడులో స్థిరపడి, గురజాలలో నలగామరాజుకు మంత్రి అయిందని చెబుతారు. పన్నెండో శతాబ్దంలో ఒక ఆడమనిషి మంత్రి పదవి చేపట్టి, కోడిపందెంతో బ్రహ్మనాయుడి పక్షాన్ని ఏడేళ్లు వలస పంపితే, ఆ కథలో తిట్లకు కొదవేముంటుంది? 1947 ‘పల్నాటి యుద్ధం’లో కన్నాంబ, 1966 దాంట్లో భానుమతి ఆ పాత్ర వేశారు. అంతంత పెద్ద నటీమణులను పిలిచారంటేనే పాత్ర బరువు దర్శకులకు తెలుసన్నమాట. అయినా ప్రభ స్టేజీ మీద నాగమ్మ డైలాగు చెప్పే పిల్లను నేనింతవరకూ చూడలేదు. ఆమె మీద పడ్డ మాటలేమిటో, వాటికి ఆమె జవాబేమిటో ఎవరైనా కూర్చుని రాస్తే పల్నాడులో కనీసం అయిదారు పరిషత్తులకు సరిపడా నాటిక అవుతుంది.

పడ్డ దెబ్బలోంచే మాట పుట్టడం సాంఘిక సినిమాల్లోనూ ఉంది. దుర్యోధనుడికి ముందు ఏడాది, 1976లో, ఎన్టీఆర్ ‘మగాడు’ చేశాడు. సలీం-జావేద్ ‘దీవార్’కి అది తెలుగు. హిందీలో అన్న తనకున్న బంగళా, కారు, డబ్బు వరసగా లెక్కచెప్పి నీకేముందని అడుగుతాడు. తమ్ముడు అమ్మ ఉందంటాడు. గుర్తుంటున్నది తమ్ముడి జవాబే అయినా ఆ జవాబుకు బలం అన్న లెక్కలోంచి వచ్చింది. చిన్నప్పుడు చేతి మీద పచ్చబొట్టుగా పడ్డ అవమానాన్ని ఆ లెక్కతో చెరుపుకోవాలని అతని తాపత్రయం. 2021లో ‘పుష్ప’ వచ్చినప్పుడూ ఇదే చూశాం. ‘తగ్గేదేలే’ అన్న మాట వెనక ఇంటిపేరు ఇవ్వని అన్న ఉన్నాడు, నలుగురిలో తలదించుకున్న తల్లి ఉంది.

సినిమా అయిపోయాక తల్లి వెళ్లిపోతుంది, అన్న వెళ్లిపోతాడు, మాట ఒక్కటే మిగిలి ఫ్లెక్సీ ఎక్కుతుంది. నరసరావుపేట నుంచి మాచర్ల దాకా బస్సులో వెళ్తే సెంటరుకో ఫ్లెక్సీ. పుట్టినరోజుకి ఒకటి, నాయకుడి రాకకి ఒకటి. ఏ అవమానమూ పడని అబ్బాయి నల్లకళ్లజోడు పెట్టుకుని తగ్గనంటాడు. ఎవరు తగ్గమన్నారు బాబూ? 2024 మే 13 పోలింగ్ తర్వాత జిల్లా అంతా 144 సెక్షన్ కింద ఉన్న రోజుల్లో ఆ ఫ్లెక్సీల కింద నడుస్తుంటే నాకు నవ్వు రాలేదు. సినిమా మాట వల్ల గొడవలు జరుగుతాయని నేననను. గొడవలు సినిమా కంటే పాతవి, కారెంపూడికి తెలుసు. కానీ వాదన ఊడిపోయిన మాట ఎవరి చేతికైనా కర్రలాగే ఇముడుతుంది, దాన్ని రాసినవాడి కష్టం మాత్రం ఎవరికీ కనపడదు.

వచ్చే శివరాత్రికి ఏకపాత్రాభినయం చేస్తానని మా వీధి కుర్రాడొకడు తయారవుతున్నాడు. ‘ఏమంటివి’ దగ్గర మొదలెట్టాడు, గొంతు బానే ఉంది. ఆపించాను.

“ఎవరేమన్నార్రా?” అన్నాను.

“అదేంది బాబాయ్, డైలాగే అక్కడ మొదలు కదా!”

“కాదు. నీ స్నేహితుణ్ణి ఒకణ్ణి పక్కన నిలబెట్టు. వాడు కర్ణుడి కులమేదో అడగాలి. గట్టిగా, నలుగురూ వినేట్టు అడగాలి. నువ్వు విని, ఒక్క క్షణం ఊరుకుని, అప్పుడు అందుకో.”

వాడికి నచ్చలేదు. స్నేహితుడికి వేషం కుట్టించాలి, అద్దె నగలు ఇంకో జత కావాలి, ఖర్చు. ప్రస్తుతానికి లుంగీ మీదే అడిగిస్తున్నాం.