బయలు - వుజూద్: చాంద్రాయణగుట్ట నేపథ్యంలో రెండు అభేదవాదాల పరిశీలన

వ్యాససంగ్రహం: అచల సిద్ధాంతంలోని ‘బయలు’, సూఫీ చింతనలోని ‘వహ్‌దతుల్ వుజూద్’ ఒకే సత్యానికి రెండు పేర్లన్న అభిప్రాయం తెలుగు పరిశోధనలో స్థిరపడిపోయింది. ఈ రెండు భావనల తాత్త్విక నిర్మాణం వేరని, ఆ భేదాన్ని విస్మరించడం వల్ల వాటి సామాజిక అర్థం కూడా మరుగున పడుతోందని ఈ వ్యాసం ప్రతిపాదిస్తుంది.

కీలకపదాలు: అచలం, ఎరుక, బయలు, వుజూద్, ఇబ్న్ అరబీ, ఉమర్ ఆలీషా, పాతబస్తీ.

ఉపోద్ఘాతం

తెలుగు విమర్శలో మార్మిక సాహిత్యం ప్రస్తావనకు రాగానే ‘ఏకత్వం’ అనే మాట ముందుకొచ్చి నిలుస్తుంది. అచల గురువుల తత్త్వాలైనా, సూఫీల రుబాయీలైనా ‘సర్వం ఒక్కటే’ అన్న నిర్ధారణతో పరిశీలన ముగుస్తుంది. పరిశోధన ఆరంభం కావలసిన చోటే ముగింపు వాక్యం పడుతోందన్నమాట. ఒక్కటి అనడంలో ఆయా సాధకుల ఉద్దేశమేమిటి, దేనిని దేనితో కలుపుతున్నారు, అసలు కలుపుతున్నారా అన్న ప్రశ్నలు అడగకుండానే మిగిలిపోతున్నాయి.

హైదరాబాదు పాతబస్తీ దక్షిణపు కొసన ఉన్న చాంద్రాయణగుట్ట ఈ ప్రశ్నలకు తగిన నేపథ్యం. గుట్ట మీది చెన్నకేశవాలయం వల్ల ఈ ప్రాంతానికి కేశవగిరి అనే పేరుంది; ‘చెన్నరాయుని గుట్ట’ అన్న మాటే చాంద్రాయణగుట్టగా మారిందన్న వాడుక కూడా ఉంది. పక్కనే బార్కస్. నిజాముల సైన్యంలో పనిచేసిన హద్రమౌత్ అరబ్బుల బారకాసులే ఆ పేటకు పేరయ్యాయి. ఇంకొంత దక్షిణంగా వెళితే సుహ్రవర్దీ సంప్రదాయానికి చెందిన బాబా షర్ఫుద్దీన్ దర్గా ఉన్న పహాడీ షరీఫ్. ఇన్ని సంప్రదాయాలు ఇరుగుపొరుగున ఉన్నాయి కనుక ఈ నేల సామరస్యానికి ప్రతీక అని రాయడం సులువు. కానీ ఇరుగుపొరుగు కావడం వేరు, ఏకం కావడం వేరు. 1990 డిసెంబరు అల్లర్లను చూసిన పాతబస్తీని గురించి రాసేటప్పుడు ఈ తేడాను దాటవేయడం విమర్శకు తగని పని.

బయలు: సంబంధమే లేని పరిపూర్ణం

అచల సిద్ధాంతానికి శివరామ దీక్షితులు ప్రధానాచార్యుడు, ‘బృహద్వాసిష్ఠం’ ప్రమాణగ్రంథం. ఈ సిద్ధాంతపు విశేషం మొదట దాని పరిభాషలోనే కనిపిస్తుంది. బ్రహ్మం, మాయ, సాక్షి అనే సంస్కృత పదాల పక్కన అచలులు బయలు, ఎరుక అనే ఇంటి మాటలను నిలబెట్టారు. ఇది కేవలం అనువాదం కాదు. ‘ఎరుక’ అంటే తెలివిడి. వేదాంతి చైతన్యాన్ని పరమసత్యంగా భావిస్తే, అచలుడు దానినే లేనిదిగా తోసిపుచ్చుతాడు. ‘అహం బ్రహ్మాస్మి’ అన్న అనుభవం కూడా ఎరుకే. ఎరుక కనుక అదీ లేనిదే. మిగిలేది కదలని, పుట్టని, దేనికీ కారణం కాని బయలు.

ఈ చట్రంలో ‘సర్వవస్తువుల పరస్పర సంబంధం’ అనే భావనకు చోటు లేదు. సంబంధం కావాలంటే రెండు ఉండాలి. రెండును లెక్కించేది ఎరుక. ఒకటిని లెక్కించేదీ ఎరుకే. కనుక అచలాన్ని ఏకత్వవాదం అనడం కంటే లెక్కనే నిరాకరించే వాదం అనడం ఉచితం. కన్నడ వచన సాహిత్యంలో అల్లమప్రభువు వాడిన ‘బయలు’తో దీనిని పోల్చి చూడవచ్చు గాని, అద్వైత బ్రహ్మంతో సమం చేయడం కుదరదు. అచలులు ఎవరితో వాదించారో వారి పక్షానే వారిని చేర్చినట్లవుతుంది.

సామాజికంగా ఈ నిరాకరణకు పదునుంది. జాతి, కులం, శాస్త్రాధికారం అన్నీ ఎరుక కల్పించినవే అయితే వాటిని ఆధారం చేసుకొని ఒకరికి ఉపదేశం నిరాకరించడానికి వీల్లేదు. తెలంగాణ పల్లెల్లో శూద్ర, దళిత కులాల వారు అచల గురువులై శిష్యపరంపరలను నడపడానికి ఈ తర్కం దారి తీసింది. అయితే ఇక్కడొక చిక్కుంది. కులం లేనిదైతే కులం పేర జరిగిన అవమానమూ లేనిదే కావాలి. అవమానితుడు తన బాధను ఏ భాషలో చెప్పుకోవాలి? అచల సాహిత్యం మీద వెలువడే ప్రశంసాత్మక వ్యాసాలు తర్కంలోని మొదటి సగాన్ని ఉటంకించి రెండో సగాన్ని వదిలేస్తున్నాయి. గురుపూజ నాటి సహపంక్తి భోజనం మర్నాడు ఊరి బావి దగ్గర ఏమైందన్నది సిద్ధాంతం లోపలి ప్రశ్నే తప్ప బయటిది కాదు.

వుజూద్: సంబంధమే సర్వం

ఇబ్న్ అరబీ (1165-1240) చింతన దీనికి దాదాపు ఎదురు దిశలో నడుస్తుంది. ‘వహ్‌దతుల్ వుజూద్’ అన్న పారిభాషిక పదం ఆయన తర్వాతి వారి చేతుల్లో స్థిరపడింది గాని, భావానికి మూలం ఆయనే. ఉనికి ఒక్కటే, వస్తువులన్నీ ఆ ఉనికి ప్రకటమయ్యే తావులు. దైవనామాలు ప్రకటం కావడానికి లోకం కావాలి. పాలితుడు లేనిదే పాలకుడన్న పేరుకు అర్థం లేదు. ఇక్కడ లోకం కొట్టివేతకు గురికాదు, అద్దంగా నిలుస్తుంది. అచలుడు సంబంధాన్ని తుడిచేస్తే వుజూదీ ప్రతి వస్తువులోనూ సంబంధాన్నే చదువుతాడు.

ఈ చింతన హైదరాబాదుకు దూరపు విద్య కాదు. ఉస్మానియా విశ్వవిద్యాలయంలో ఇస్లామిక ధర్మశాస్త్రాన్ని బోధించిన అబ్దుల్ ఖదీర్ సిద్దీఖీ, ఇబ్న్ అరబీ ‘ఫుసూసుల్ హికమ్’ను ఉర్దూలోకి అనువదించారు. అదే విశ్వవిద్యాలయపు తత్త్వశాస్త్రాచార్యుడు మీర్ వలీవుద్దీన్ సూఫీ తత్త్వంపై గ్రంథాలు రచించారు. పొరుగు భాషలో, ఒకే నగరంలో సాగిన ఈ చర్చ తెలుగు పరిశోధనకు ఆధారగ్రంథాలుగా అందకపోవడం విచారకరం.

దక్కను సూఫీలందరూ వుజూదీలేనన్న ఊహ కూడా నిలవదు. గుల్బర్గాకు చెందిన బందానవాజ్ గేసూదరాజ్ (1321-1422) ఇబ్న్ అరబీ సిద్ధాంతాన్ని విమర్శించినవాడు. ఉత్తరాన అహ్మద్ సర్‌హిందీ (1564-1624) ‘వహ్‌దతుల్ షుహూద్’ను ప్రతిపాదించి, సాధకుడు చూసే ఏకత్వం అతని దర్శనానికి చెందినదే తప్ప ఉనికికి చెందినది కాదన్నాడు. సూఫీల మధ్యనే ఇంత వాదం ఉండగా, సూఫీ తత్త్వాన్నీ వేదాంతాన్నీ ఒక్క వాక్యంలో కలిపేయడం ఆ వాదాన్ని వినకపోవడమే.

అనువాద సమస్య

ఈ రెండు లోకాల మధ్య తెలుగులో పద్యం రాసిన కవి పిఠాపురానికి చెందిన ఉమర్ ఆలీషా (1885-1945). సూఫీ గురుపరంపరలో పీఠాధిపతిగా ఉంటూ ఛందోబద్ధ కవిత్వం, నాటకాలు రచించి, ఉమర్ ఖయ్యాం రుబాయీలను తెలుగు చేసిన ఆయనను విమర్శకులు ‘సమన్వయకవి’గా కీర్తించి వదిలేస్తుంటారు. సమన్వయం ఆయన సాధించినది కావచ్చు. దానికి ఆయన ఏ మూల్యం చెల్లించారన్నది ఎవరూ అడగలేదు. వుజూద్ వంటి భావన తెలుగు పద్యంలోకి వచ్చేటప్పుడు దానికోసం సిద్ధంగా కాచుకొని ఉన్నవి ఆత్మ, బ్రహ్మం, సత్తు అనే వేదాంత పదాలే. వాటిని వాడగానే పాఠకుడికి తెలిసిన అర్థం ముందుకొచ్చి, తెలియని అర్థం వెనక్కి తగ్గుతుంది. ఆలీషా పద్యాల్లో ఏ పదం ఏ భావానికి బదులుగా నిలిచిందో వరుసగా పట్టిక వేసి చూడనిదే ఆయన సమన్వయాన్ని గురించి రూఢిగా ఏమీ చెప్పలేం.

వ్యుత్పత్తి కొంత దారి చూపుతుంది. అరబ్బీలో ‘వుజూద్’కు మూలమైన ధాతువుకు ‘దొరకడం, కనుగొనడం’ అని అర్థం. ఉన్నది అంటే వెతికినవాడికి దొరికినది. తెలుగు ‘ఉనికి’కి ఉండటమనే కాక నివాసమనీ అర్థముంది. ‘బయలు’ గోడలు లేని ఆరుబయట. అక్కడ వెతికేవాడూ లేడు, ఇల్లూ లేదు.