బోనుకు అటూ ఇటూ

జూలో సినిమా తీయమంటే ఎవరైనా కెమెరాను బోను వైపు తిప్పుతారు. డచ్ దర్శకుడు బెర్ట్ హాన్‌స్ట్రా (1916–1997) బోను ముందు నిలబడ్డవాళ్ల వైపు కూడా తిప్పారు. 1960ల మొదట్లో ఆమ్‌స్టర్‌డామ్‌లోని ఆర్టిస్ జంతు ప్రదర్శనశాలలో తీసిన ఆయన 'జూ' పట్టుమని పావుగంట కూడా ఉండదు. వ్యాఖ్యానం అసలే లేదు. జనం జంతువులను చూస్తారు, జంతువులు జనాన్ని చూస్తాయి. కాసేపటికి ఎవరు ఎవరికి వినోదమో తేలక మనకు నవ్వొస్తుంది.

ఆ నవ్వు ఊరికే రాలేదు. కెమెరాను జనానికి కనబడకుండా దాచారు. కెమెరా ఉందని తెలిస్తే మనిషి జుట్టు సర్దుకుంటాడు, మొహం మార్చేస్తాడు. జంతువుకు ఆ బెంగ లేదు. ఇద్దరినీ ఒకే తక్కెడలో తూచాలంటే మనిషికీ ఆ స్పృహ ఉండకూడదు. మిగతాది ఎడిటింగ్ బల్ల మీద జరిగే పని. ఒక మొహం, వెంటనే అదే వాలకమున్న మరో మొహం. వాటి మధ్య కట్ రవ్వంత ముందు పడితే పోలిక అందదు, ఆలస్యమైతే వేలు పెట్టి చూపినట్టుంటుంది. ఈ లయ హాన్‌స్ట్రాకు ముందే పట్టుబడింది. 'గ్లాస్' (1958)లో గాజు ఊదే కార్మికుల ఉబ్బిన బుగ్గలను జాజ్ సంగీతంతో కలిపి ఆస్కార్ గెలుచుకున్నారాయన.

చాటునుంచి మనుషులను తీస్తే అది ఎగతాళిగా మారడానికి ఎంతోసేపు పట్టదు. హాన్‌స్ట్రా అక్కడ జారిపడలేదు. అదే పద్ధతిలో సొంత దేశస్థుల మీద తీసిన 'అల్లెమాన్' (1963)ను డచ్ జనం లక్షల్లో వెళ్లి చూశారు. 1964లో బెర్లిన్‌లో డాక్యుమెంటరీలకిచ్చే గోల్డెన్ బేర్ కూడా దానికి దక్కింది. తమను వెక్కిరించాడనుకుంటే అంతమంది టికెట్ కొనేవారు కాదు.

1984లో ఆయన ఆర్నెమ్‌లోని బర్గర్స్ జూ చింపాంజీల మీద సినిమా తీశారు. ప్రైమేట్ల ప్రవర్తనను పరిశోధించిన శాస్త్రవేత్త ఫ్రాన్స్ డి వాల్ ఏళ్ల తరబడి గమనించిన గుంపు అది. పోట్లాడుకున్న చింపాంజీలు తర్వాత కావలించుకుని, ముద్దుపెట్టుకుని రాజీపడతాయని డి వాల్ రాసిపెట్టింది అక్కడి పరిశీలన నుంచే. ఆర్టిస్‌లో సరదాగా కనిపించిన పోలిక ఇక్కడికొచ్చేసరికి శాస్త్రానికి సంబంధించిన విషయమైంది.

ఫ్రెంచ్ దర్శకుడు నికొలా ఫిలిబేర్ 'నెనెట్' (2010)లో హాన్‌స్ట్రా పద్ధతిని తిరగేశారు. నెనెట్ బోర్నియోలో పుట్టి 1972లో పారిస్ జార్దాఁ దె ప్లాంత్ జూకు చేరిన ఆడ ఒరాంగుటాన్. సినిమా తీసేనాటికి అక్కడి సిబ్బందిలో ఎవరికీ ఆమెకున్నన్ని ఏళ్ల అనుభవం లేదు. తెర మీద ఒరాంగుటాన్లే కనిపిస్తాయి, సందర్శకులవి గొంతులే. దిగులుగా ఉందంటారు, విసుగొచ్చిందంటారు, వయసు లెక్కలేస్తారు. ఆమె కదలకుండా చూస్తుంటుంది. హాన్‌స్ట్రా కట్‌తో రాబట్టిన నవ్వును ఫిలిబేర్ కట్‌కు తొందరపడకుండా, ఒకే మొహం మీద ఓపిగ్గా నిలిచి రాబట్టారు. నాకైతే ఈ రెండో దారే కష్టమనిపిస్తుంది. సినిమా అయ్యేసరికి నెనెట్ గురించి మనకు తెలిసింది కొంతే. ఆమె గురించి మాట్లాడినవాళ్లు మాత్రం, మొహాలు చూడకపోయినా, బాగా తెలిసిపోతారు.