తెలిసీ చెప్పకపోతే: బేతాళుడి శాపం గురించి

మన కథల్లో శాపాలకి కొదవ లేదు. రాయి అయిపోవడం, పాము అయిపోవడం, దేవలోకం వదిలి భూమ్మీద పుట్టడం. చాలావాటిది ఒకటే వరస: ముందు తప్పు, ఆపైన ఎవరిదో కోపం, శాపం, కాళ్ళ మీద పడితే విమోచనం. బేతాళుడి శాపం ఈ వరసలో ఇమడదు. విక్రమార్కుడు తప్పేమీ చెయ్యలేదు. బేతాళుడికి ఆయన మీద కోపమూ లేదు. శాపం ఇంకా తగల్లేదు కూడా, షరతుగా మాత్రమే ఉంది. ప్రశ్నకి జవాబు తెలిసి ఉండీ నోరు మెదపకపోతే తల పగులుతుంది.

దీని పక్కనే ఇంకో షరతుంది. రాజు మాట్లాడితే శవం భుజం మీద నుంచి మాయమై మళ్ళీ చెట్టెక్కుతుంది. అంటే చెప్పకపోతే ప్రాణం పోతుంది, చెప్తే అప్పటిదాకా పడ్డ శ్రమ పోతుంది. ప్రోగ్రామింగ్ తెలిసినవాళ్ళు దీన్ని చూడగానే బయటికి దారి లేని లూప్ అంటారు. కానీ దారి ఉంది. అది ఒక్క మాటలో దాక్కుని ఉంది: "తెలిసీ".

బేతాళ కథల గురించి రాసేవాళ్ళు ఎక్కువగా లోపలి కథల గురించే రాస్తారు. న్యాయమే, అవి అంత గొప్పవి. తలలు తారుమారైన కథనే తీసుకోండి. థామస్ మన్ 1940లో దాన్ని నవలిక చేశాడు, గిరీశ్ కర్నాడ్ 'హయవదన' నాటకానికీ అదే మూలం. శవాన్ని మోసే కథని మాత్రం పూసల్ని గుచ్చే దారంలాగే చూస్తాం. నాకు ఆ దారంలోనే అసలు విషయం ఉందనిపిస్తుంది.

పదకొండో శతాబ్దంలో సోమదేవుడు కాశ్మీరంలో రాసిన 'కథాసరిత్సాగరం'లో ఈ కథలున్నాయి. అందులో రాజు పేరు త్రివిక్రమసేనుడు. ఊరు ప్రతిష్ఠానపురం, గోదావరి ఒడ్డున. ఆ పుస్తకం మొదలయ్యేదే ఒక శాపంతో. శివుడు పార్వతికి ఏకాంతంలో చెప్పిన కథని పుష్పదంతుడు చాటుగా విని భార్యకి చెప్పేస్తాడు. పార్వతి అతన్ని మనిషిగా పుట్టమని శపిస్తుంది. అతని కోసం బతిమాలిన మాల్యవంతుడికీ అదే గతి. వాళ్ళే వరరుచి, గుణాఢ్యుడు. అక్కడ మాట్లాడినందుకు శాపం. అదే పుస్తకంలో, శ్మశానం దగ్గరికి వచ్చేసరికి, మాట్లాడకపోతే శాపం. రెండూ పక్కపక్కన పెట్టి చూస్తే బేతాళుడి షరతు ఎంత విచిత్రమైనదో తెలుస్తుంది. అది అజ్ఞానాన్ని శిక్షించదు. మౌనాన్ని కూడా శిక్షించదు. తెలిసిన మౌనాన్ని మాత్రమే శిక్షిస్తుంది.

రాజుకి తెలుసో తెలీదో ఎవరు చూడొచ్చారు? అర్ధరాత్రి, శ్మశానం, సాక్షి లేడు. తెలీనట్టు నటించడానికి ఇంతకంటే మంచి చోటు ఉండదు. కానీ శాపం బయటి మౌనాన్ని కాదు, లోపలి తెలివిడిని చూస్తుంది. అందుకే రాజు 23 సార్లు చెప్తాడు, 23 సార్లు వెనక్కి నడుస్తాడు.

24వ కథలో ఒక తండ్రీ కొడుకూ అడవిలో ఇద్దరు ఆడవాళ్ళ అడుగుజాడలు చూస్తారు. పెద్ద పాదాలామె తండ్రికి, చిన్న పాదాలామె కొడుక్కి అని ఒప్పందం. తీరా చూస్తే వాళ్ళు తల్లీ కూతుళ్ళు, పెద్ద పాదాలు కూతురివి. మాట ప్రకారం తండ్రి కూతుర్నీ, కొడుకు తల్లినీ చేసుకుంటారు. వాళ్ళకి పుట్టిన పిల్లలు ఒకరికొకరు ఏమవుతారు? రాజుకి తేలదు. మాట్లాడకుండా నడుస్తాడు. తల పగలదు. బేతాళుడు మెచ్చుకుని, శవం తెమ్మన్న భిక్షువు అసలు రాజునే బలివ్వబోతున్నాడని చెప్పి ప్రాణం కాపాడతాడు. రాజుని గెలిపించింది జవాబులు మాత్రమే కాదు, నిజాయితీగా "నాకు తెలీదు" అనుకున్న ఒక్క మౌనం కూడా.

'చందమామ' బేతాళ కథల్లో నాకు వెలితిగా అనిపించేది ఇదే. 1947లో మొదలైన ఆ పత్రిక పాత కథలు అయిపోయాక కూడా కొత్తవి రాయిస్తూ దశాబ్దాలు నడిపింది. శంకర్ గీసిన బొమ్మ, కత్తి పట్టుకుని భుజాన శవంతో నడిచే రాజు, మనలో చాలామందికి ఇప్పటికీ కళ్ళముందే ఉంటుంది. నెలనెలా వచ్చే శీర్షికకి ముగింపు ఉండకూడదు, అది అర్థం చేసుకోదగ్గదే. ప్రశ్నలు కూడా చాలావరకు ఫలానావాడు ఇలా ఎందుకు ప్రవర్తించాడు అనే తీరులోకి మారాయి. పిల్లలకి మనుషుల మనసుల్ని చదవడం నేర్పిన మంచి మార్పు అది. కానీ అక్కడి విక్రమార్కుడికి ప్రతి నెలా జవాబు తెలుసు. ఆ 24వ ప్రశ్న ఆయనకి ఎదురవదు. ప్రతి తెలివైనవాడి దగ్గరా ప్రతిదానికీ సమాధానం ఉంటుందని నేర్చుకుంటూ పెరిగాం. తెలీకపోవడం కూడా విమోచనమని నేర్చుకోలేదు.

మాదాపూర్, గచ్చిబౌలి అద్దాల గదుల్లో నా ఉద్యోగ జీవితం గడుస్తోంది కాబట్టి ఈ శాపం నాకు పాత కథలా అనిపించదు. రిలీజ్ మీటింగ్ ఉంటుంది. తేదీకి పని పూర్తవదని గదిలో సగం మందికి తెలుసు. స్క్రీన్ మీద అన్నీ ఆకుపచ్చగానే ఉంటాయి. నోరు విప్పినవాడి పేరు మీదే టికెట్ పడుతుంది, శవం మళ్ళీ వాడి భుజానికే ఎక్కుతుంది. అందుకని అందరూ మ్యూట్‌లో ఉంటారు. నిజంగా తెలీని ఫ్రెషర్ మౌనమూ, అన్నీ తెలిసిన ఆర్కిటెక్ట్ మౌనమూ బయటికి ఒకేలా కనిపిస్తాయి. వాటిని విడదీసే బేతాళుడు అక్కడ లేడు. ఎవరి తలా పగలదు. పగిలేది ఏ అర్ధరాత్రో ప్రొడక్షన్‌లో పగులుతుంది, దాన్ని అతికించడానికి లేచేది తరచుగా ఆ ఫ్రెషరే.

అలాగని మాట్లాడినవాడికి చివర్లో మేలే జరుగుతుందని కథ ఊరికే హామీ ఇవ్వదు. మొదటిసారే నోరు మూసుకుని గమ్యం చేరి ఉంటే రాజు ఆ భిక్షువు చేతిలో చచ్చేవాడు, నిజం. కానీ 23 సార్లు వెనక్కి నడిచినప్పుడు ఆయనకి ఆ సంగతి తెలీదు. ఏ లాభమూ కనిపించకుండానే నడిచాడు. ఆయన సాహసం కత్తిలో కంటే ఈ నడకలో ఎక్కువుంది.

పాత చందమామలు దొరికితే బేతాళ కథ ఒకటి మళ్ళీ చదవండి. ప్రశ్న రాగానే రాజు జవాబు చదవకుండా ఒక్క నిమిషం ఆగి, మీరు చెప్పగలరేమో చూడండి. చెప్పలేకపోతే భయం లేదు, నడిచి వెళ్ళిపోవచ్చు. చెప్పగలిగితే మాత్రం చెట్టు చాలా వెనకాల ఉంది.