రెండు పత్రికల మధ్య దాక్కున్న అగ్రరాజ్యం

మా బల్ల మీద రోజూ రెండు పత్రికలుంటాయి. ఒకటి ఉర్దూ, ఒకటి తెలుగు. నల్లా నీళ్ల గురించీ బియ్యం ధర గురించీ రెండూ దాదాపు ఒకే వార్త రాస్తాయి. పాలస్తీనా దగ్గరికి వచ్చేసరికి మాత్రం రెండు లోకాల వార్తలు రాస్తాయి. తెలుగు పత్రికలో చచ్చినవాడు 'ఉగ్రవాది'. ఉర్దూ పత్రికలో అతనే 'షహీద్'. తెలుగులో అది ఎప్పుడూ 'ఇజ్రాయెల్ ప్రతీకారం'. ఉర్దూలో అది ఎప్పుడూ 'యహూదీల జుల్మ్'.

ఈ రెండు భాషల మధ్య వార్తలు మోస్తూ ఇరవై ఏళ్లుగా బతుకుతున్నాం. పైన చెప్పిన మాటలన్నీ ఏదో ఒక రాత్రి డెస్కులో మా చేతులతో మేమే రాశాం. కాబట్టి ఈ విమర్శ ఎవరి మీదో కాదు. ముందు మా మీదే.

2023 అక్టోబర్ 7న హమాస్ దాడిలో ఇజ్రాయెల్‌లో దాదాపు 1200 మంది చనిపోయారు. ఆ మర్నాడు ఆఫీసులో ఒక మిత్రుడు టీ గ్లాసు అందిస్తూ, 'ఏం సాబ్, మీవాళ్లేంటి ఇలా చేశారు?' అన్నాడు. అతను చెడ్డవాడు కాదు. పండక్కి మా ఇంటికొచ్చి సేమియా తాగి వెళ్లేవాడే. ఆ సాయంత్రం మొహల్లాలో హోటల్ ముందు నిలబడితే ఒక పెద్దాయన, 'ఇదంతా యహూదీ సాజిష్ బేటా, పద్నాలుగు వందల ఏళ్ల దుష్మనీ' అన్నాడు. ఇద్దరికీ మేం జవాబు చెప్పలేదు. ఇంటికెళ్లాక ఆలోచిస్తే అర్థమైంది, ఆ ఇద్దరూ చెప్పింది ఒకే మాట. అక్కడ కొట్టుకుంటున్నవి రెండు మతాలు, అది ఎప్పటినుంచో ఉంది, ఎప్పటికీ ఉంటుంది అని. మా రెండు పత్రికలూ చెప్పేది కూడా అదే. మాటలు వేరు, కథ ఒకటే. ఆ కథలో వాషింగ్టన్‌కి చోటు లేదు, లండన్‌కి లేదు, మాస్కోకి లేదు.

పద్నాలుగు వందల ఏళ్ల పగే నిజమైతే, 1921లో ఇరాక్ రాజ్యం ఏర్పడినప్పుడు దాని మొదటి ఆర్థికమంత్రి సాసూన్ హస్కెల్ అనే యూదు ఎలా అయ్యాడు? 1492లో స్పెయిన్ తరిమేసిన యూదులకు ఉస్మానీ సుల్తాన్ రెండో బాయజీద్ తలుపులు ఎందుకు తెరిచాడు? అరబ్బు నగరాల్లో యూదులు బంగారంలా బతికారని మేం అనడం లేదు. జిజియా కట్టారు, రెండో తరగతి ప్రజలుగా ఉన్నారు. 1941లో బాగ్దాద్‌లోనే గుంపులు రెండు రోజులపాటు యూదుల ఇళ్ల మీద పడి వందకు పైగా మనుషుల్ని చంపాయి. అది దాచిపెట్టి చరిత్ర చెప్పే ఉర్దూ సంపాదకీయం అబద్ధం చెబుతున్నట్టే. అయితే అరవై లక్షల యూదుల్ని హతమార్చింది అరబ్బులు కాదు. ఆ పని జరిగింది యూరప్ నడిబొడ్డున. ఆ తప్పుకి జరిమానా కట్టమన్నది మాత్రం పాలస్తీనా రైతుని.

ఈ లెక్క హిట్లర్‌కి ముందే మొదలైంది. మొదటి ప్రపంచయుద్ధంలో బ్రిటన్ ఒకే నేల మీద మూడు మాటలిచ్చింది. 1915-16లో మక్కా షరీఫ్ హుసేన్‌కి ఉత్తరాలు రాసి, తుర్కుల మీద తిరగబడితే అరబ్బులకు స్వాతంత్ర్యం అంది. పాలస్తీనా ఆ హామీలో లేదని తర్వాత వాదించింది. 1916లో ఫ్రాన్స్‌తో రహస్యంగా కూర్చుని అవే ప్రాంతాల్ని పటం మీద గీతలు గీసి పంచుకుంది. 1917 నవంబర్ 2న బాల్‌ఫోర్ ప్రకటనతో పాలస్తీనాలో యూదులకు 'జాతీయ నివాసం' అంది. ఆ ప్రకటన ఒక్క వాక్యం. అప్పటికి ఆ నేల మీద పదిమందిలో తొమ్మిదిమంది అరబ్బులు. ఆ వాక్యంలో 'అరబ్బు' అన్న మాటే లేదు. 'యూదేతర సమాజాలు' అని ఉంది. ఇంటివాడిని 'అతిథి కానివాడు' అని పిలవడం లాంటిది ఇది.

దాన్ని ఎదిరించిన బ్రిటిష్ మంత్రి ఒకడున్నాడు. మన డిగ్రీ పిల్లలు చరిత్ర పరీక్ష కోసం బట్టీపట్టే మాంటేగ్-చెమ్స్‌ఫర్డ్ సంస్కరణల మాంటేగ్. అప్పుడతను భారత వ్యవహారాల మంత్రి, స్వయానా యూదు. తన ప్రభుత్వం చేస్తున్నది యూదుల మీద ప్రేమ కాదనీ, యూదు ద్వేషానికి ఊతమనీ అతను 1917లోనే రాసిచ్చాడు. యూదులకు వేరే దేశం అంటూ ఒకటి పెడితే, ప్రతి దేశంలోనూ యూదుణ్ణి 'నీ దేశానికి నువ్వు పో' అంటారని అతని భయం. 'పాకిస్తాన్ పో' అన్న మాట వింటూ పెరిగిన మాకు మాంటేగ్ భయం విడమరిచి చెప్పక్కర్లేదు. అయినా యహూదీ అనగానే సాజిష్ అనే మా మొహల్లాలో మాంటేగ్ పేరు ఎవరూ చెప్పలేదు. యూదు అనగానే ఇజ్రాయెల్ అనే తెలుగు పత్రికా చెప్పలేదు.

బ్రిటన్ తర్వాత వంతు అమెరికాది, సోవియట్ యూనియన్‌ది. 1947 నవంబర్ 29న ఐక్యరాజ్య సమితిలో పాలస్తీనా విభజనకు 33 దేశాలు అనుకూలంగా, 13 దేశాలు వ్యతిరేకంగా ఓటేశాయి. ప్రపంచంలో దేనికీ ఒప్పుకోని ఆ రెండు అగ్రరాజ్యాలూ ఆ రోజు ఒకే వైపు చెయ్యెత్తాయి. అప్పుడే విభజన నెత్తుటిలో తడిసి ఉన్న ఇండియా వ్యతిరేకంగా ఓటేసింది. 1948 మే 14న ఇజ్రాయెల్ ఏర్పడితే నిమిషాల్లో ట్రూమన్ గుర్తించాడు. మూడు రోజులకు స్టాలిన్ గుర్తించాడు. ఆ యుద్ధంలో ఇజ్రాయెల్‌కి ఆయుధాలు చెకొస్లొవేకియా నుంచి, మాస్కో సమ్మతితో వచ్చాయి. ఏడు లక్షలమందికి పైగా పాలస్తీనీయులు నిరాశ్రయులయ్యారు. ఏడేళ్ల తర్వాత, 1955లో, నాసర్ ఈజిప్టుకి ఆయుధాలు వచ్చిందీ అదే చెకొస్లొవేకియా పేరు మీదనే. ఆయుధాలు పంపినవాడికి మతద్వేషం లేదు, మతప్రేమా లేదు. ఎవరు తన వైపుంటారన్నదే లెక్క.

తలుచుకుంటే అగ్రరాజ్యం యుద్ధాన్ని ఆపగలదు. 1956లో బ్రిటన్, ఫ్రాన్స్, ఇజ్రాయెల్ కూడబలుక్కుని ఈజిప్టు మీద పడినప్పుడు ఐసెన్‌హోవర్ కన్నెర్ర చేశాడు. 1957 మార్చికల్లా ఇజ్రాయెల్ సైన్యం సినాయ్ నుంచీ గాజా నుంచీ వెనక్కి వెళ్లింది. అంటే ఆపలేకపోవడం అన్నది లేదు. ఆపదలుచుకోకపోవడమే ఉంది.

1967 యుద్ధం తర్వాత భద్రతామండలి చేసిన 242వ తీర్మానం మాలాంటి అనువాదకులకు పాఠం. ఇజ్రాయెల్ తాను ఆక్రమించిన ప్రాంతాల నుంచి సైన్యాన్ని వెనక్కి తీసుకోవాలని అందులో ఉంది. ఇంగ్లీషు ప్రతిలో 'టెరిటరీస్' అనే మాట ముందు 'ది' లేదు. కనుక అన్ని ప్రాంతాల నుంచీ అని అర్థం కాదని ఒక వాదన. ఫ్రెంచి ప్రతి చదివితే అన్నీ అనే అర్థం వస్తుందని ఇంకో వాదన. ఆ ఒక్క మాట లేకపోవడం మర్చిపోయి జరిగింది కాదు. తెలిసే వదిలేశారు. ఉర్దూలోనూ తెలుగులోనూ 'ది' లాంటి మాటే లేదు. మేం ఎంత నిజాయితీగా అనువదించినా ఆ మోసం మా భాషల్లోకి రాదు. మా పాఠకుడికి తీర్మానం అమలు కాలేదని తెలుస్తుంది. ఎందుకు కాలేదో తెలియదు. తెలియని చోట మతం వచ్చి కూర్చుంటుంది.

1973 అక్టోబర్ యుద్ధంలో సోవియట్ విమానాలు ఈజిప్టుకీ సిరియాకీ, అమెరికా విమానాలు ఇజ్రాయెల్‌కీ ఆయుధాలు దింపాయి. 1979లో ఈజిప్టు, ఇజ్రాయెల్ సంధి చేసుకున్నాయి. అప్పటినుంచి అమెరికా ఆ ఇద్దరికీ ఏటేటా సైనిక సహాయం ఇస్తూ వచ్చింది. 2016లో కుదిరిన ఒప్పందం ప్రకారం ఇజ్రాయెల్‌కి పదేళ్లలో 3800 కోట్ల డాలర్లు. 2020లో మొరాకో ఇజ్రాయెల్‌తో సంబంధాలు పెట్టుకుంటే అమెరికా దానికి ఇచ్చిన బహుమానం ఏమిటి? పశ్చిమ సహారా మీద మొరాకో హక్కుని గుర్తించడం. ఒకరి భూమి గొడవను పక్కనపెట్టినందుకు ఇంకొకరి భూమిని కానుకగా ఇవ్వడం! దీన్ని మా ఉర్దూ పత్రికలు 'ముస్లిం పాలకుల గద్దారీ' అన్నాయి. తెలుగు పత్రికలు 'శాంతి ఒప్పందం' అన్నాయి. బేరం అని రాసినవాళ్లు తక్కువ.

ఇండియా సంగతి కూడా చూద్దాం. 1975లో జియోనిజం ఒక రకం జాత్యహంకారమే అని ఐక్యరాజ్య సమితి తీర్మానిస్తే ఇండియా అవునంది. 1991 డిసెంబర్‌లో ఆ తీర్మానాన్ని రద్దు చేస్తుంటే దానికీ అవునంది. 1992 జనవరిలో ఇజ్రాయెల్‌తో పూర్తి దౌత్య సంబంధాలు పెట్టుకుంది. ఈ పదహారేళ్లలో తౌరాత్ మారలేదు, ఖురాన్ మారలేదు. సోవియట్ యూనియన్ కూలింది. మన ఖజానా ఖాళీ అయి అప్పు కోసం తిరగాల్సి వచ్చింది. ప్రభుత్వాలు ఇలా లెక్కలు చూసుకుంటే, వీధిలో మమ్మల్ని మాత్రం మతం పేరుతో సంజాయిషీ అడుగుతారు.

ఇక్కడ ఒక జాగ్రత్త చెప్పుకోవాలి. 'యహూదీ సాజిష్' తీసేసి ఆ చోట 'అగ్రరాజ్యం సాజిష్' పెట్టుకుంటే మేం నేర్చుకున్నదేమీ లేనట్టే. 1970లో పాలస్తీనీయుల్ని వేల సంఖ్యలో చంపింది జోర్డాన్ రాజు సైన్యం. 1995లో శాంతి ఒప్పందం చేసిన రబిన్‌ని కాల్చింది ఒక యూదు ఛాందసుడు. అక్టోబర్ 7న ఇళ్లలోకి చొరబడి చంపినవాళ్లు వాషింగ్టన్ చెబితే చంపలేదు. ఎవరి నెత్తురికి వాళ్లు జవాబుదారీ. అగ్రరాజ్యం పగను పుట్టించకపోవచ్చు. పగకి తుపాకీ ఇస్తుంది, సంధికి అడ్డుపుల్ల వేస్తుంది. గాజాలో చనిపోయినవాళ్లు అక్కడి ఆరోగ్యశాఖ లెక్క ప్రకారం 2025లోనే 60 వేలు దాటారు. కాల్పులు ఆపమన్న తీర్మానాల్ని భద్రతామండలిలో అమెరికా ఒకసారి కాదు, మళ్లీ మళ్లీ వీటో చేసింది. మా తెలుగు శీర్షికలో మాత్రం 'బాంబులు పడ్డాయి'. వాన పడ్డట్టు! వేసినవాడు లేడు, తయారుచేసినవాడు లేడు, చెయ్యెత్తి ఆపినవాడు లేడు.

అందుకే డెస్కులో కొన్ని మాటలు మార్చుకున్నాం. ఉర్దూలో యహూదీకీ సైహూనీకీ ఇస్రాయీలీ ఫౌజ్‌కీ వేర్వేరు మాటలున్నాయి. సైన్యం చేసిన పనికి సైన్యం పేరే రాస్తున్నాం. తెలుగులో 'పడ్డాయి' తీసేసి ఎవరు వేశారో రాస్తున్నాం. నిరాయుధుల్ని చంపినవాడిని ఏ భాషలోనూ షహీద్ అనడం లేదు. ఇంట్లో నిద్రపోతూ చచ్చిన పసిపిల్లల పక్కన 'ప్రతీకారం' అని రాయడం లేదు. దీనివల్ల అక్కడ ఒక్క ప్రాణం దక్కదని తెలుసు. ఇక్కడ ఒక మిత్రుడు మమ్మల్ని అడిగే ప్రశ్న మారుతుందేమోనని ఆశ.

'మీవాళ్లేంటి ఇలా చేశారు' అన్న మిత్రుడికి ఆ రోజు చెప్పని జవాబు ఇప్పుడు చెబుతున్నాం. మన నేల నుంచి పాలస్తీనాకు ఆయుధం పట్టుకుని వెళ్లినవాళ్లు నిజంగానే ఉన్నారు. మొదటి ప్రపంచయుద్ధంలో ఖలీఫా వైపు చూడకుండా బ్రిటిష్‌వాడికి విధేయంగా ఉండమని నిజాం తన ముస్లిం ప్రజలకు చెప్పాడు. హైదరాబాద్ రిసాలా మైసూరు, జోధ్‌పూర్ రిసాలాలతో కలిసి సూయెజ్ దాటి పాలస్తీనా దాకా పోయింది. ఢిల్లీ తీన్‌మూర్తిలో నిలబడ్డ మూడు విగ్రహాలు ఆ మూడు సంస్థానాల సిపాయిలవే. వాళ్లలో ముస్లింలున్నారు, హిందువులున్నారు. అరబ్బుల మీద పగతో పోలేదు, యూదుల మీద ప్రేమతో పోలేదు. సామ్రాజ్యం పంపితే పోయారు. వాళ్లు గెలిచిపెట్టిన నేల మీదే బాల్‌ఫోర్ వాక్యం అమలైంది.

వాళ్లు మావాళ్లూ కాదు, మీవాళ్లూ కాదు. మనవాళ్లు. సంజాయిషీ చెప్పాల్సి వస్తే మనం కలిసే చెప్పాలి. ప్రశ్న అడగాల్సి వస్తే, వాళ్లను పంపినవాడిని కలిసే అడగాలి.