‘ది ప్రైస్ ఆఫ్ సాల్ట్’: సుఖాంతం, దాని మూల్యం - ఒక పరిశీలన

1. ఉపోద్ఘాతం:

అమెరికన్ రచయిత్రి పెట్రీషియా హైస్మిత్ (1921-1995) నేరకథా నవలాకారిణిగా ప్రసిద్ధురాలు. ఆమె రెండవ నవల ‘ది ప్రైస్ ఆఫ్ సాల్ట్’ 1952లో క్లేర్ మోర్గన్ అనే మారుపేరుతో వెలువడింది. స్త్రీల మధ్య ప్రేమను విషాదాంతం చేయకపోవడమే లెస్బియన్ సాహిత్యానికి ఈ నవల చేసిన దోహదమని సాధారణంగా పేర్కొంటారు. ముగింపును మాత్రమే ప్రమాణంగా తీసుకుంటే నవల సాధించినది పూర్తిగా బోధపడదని ఈ వ్యాసం ప్రతిపాదిస్తోంది.

2. పూర్వరంగం:

రాడ్‌క్లిఫ్ హాల్ 1928లో రచించిన ‘ది వెల్ ఆఫ్ లోన్లీనెస్’ నవలను ఇంగ్లండు న్యాయస్థానం అశ్లీలమని నిర్ణయించింది. అందులో నాయిక తన ప్రియురాలిని ఒక పురుషునికి వదలివేస్తుంది. ఆ నవల ప్రధానంగా సమాజపు దయను అర్థిస్తుంది. 1950లలో అమెరికాలో వచ్చిన చౌకధర పేపర్‌బ్యాక్ నవలల్లోనూ ఇటువంటి ప్రేమకు ఉన్మాదమో, మరణమో, పురుషునితో వివాహమో ముగింపు కావడం పరిపాటి.

3. విశ్లేషణ:

థెరీస్ డిపార్ట్‌మెంట్ స్టోరులో బొమ్మల విభాగంలో పనిచేసే యువతి. రంగాలంకరణ కళాకారిణి కావాలన్నది ఆమె ఆశయం. కరోల్ భర్తతో విడాకులకు సిద్ధమైన తల్లి. వారిద్దరూ చేసిన ప్రయాణంలో భర్త నియమించిన డిటెక్టివ్ వెంబడించి, వారి సంభాషణలను రహస్యంగా రికార్డు చేస్తాడు. కుమార్తె సంరక్షణ వివాదంలో అవే సాక్ష్యాలవుతాయి. విధించిన షరతులకు కరోల్ తలవంచదు. ఫలితంగా కుమార్తెను కోల్పోతుంది.

ఇక్కడ విషాదానికి మూలం ప్రేమ స్వభావంలో లేదు. చట్టం, కుటుంబం కలిసి దానిని నిర్మించాయి. హైస్మిత్ తెచ్చిన ప్రధానమైన మార్పు ఇదే. నాయికలిద్దరూ చివరకు ఒకటవుతారు. కాని ఆ కలయికకు చెల్లించిన మూల్యం రద్దు కాదు.

నవలకు ఒక పరిమితి కూడా ఉంది. కథనమంతా థెరీస్ దృష్టికోణంలోనే సాగుతుంది. కరోల్ మాతృవేదన ఉత్తరాల ద్వారా, సంభాషణల ద్వారా మాత్రమే మనకు అందుతుంది. అత్యధిక మూల్యం చెల్లించిన పాత్ర అంతరంగంలోకి పాఠకునికి ప్రవేశం లేదు. అయితే ఈ కథనపద్ధతి వల్లనే ఒక ప్రయోజనమూ సిద్ధించింది. థెరీస్ తన ప్రేమకు కారణాలు చూపి ఎవరి క్షమాపణనూ కోరదు. కరోల్ తనను ప్రేమిస్తున్నదా లేదా అన్నదే ఆమెను వేధించే ప్రశ్న. ప్రేమకథలన్నింటిలోనూ ఉండే ప్రశ్నే అది.

4. ముగింపు:

హైస్మిత్ ఈ నవలను 1990లో ‘కరోల్’గా తన సొంత పేరుతో పునర్ముద్రించారు. నవల వెలువడి అప్పటికి 38 ఏళ్ళు. రచయిత్రి సైతం తనదైన మూల్యం చెల్లించినట్లే. కనుక ఇటువంటి రచనలను పరిశీలించే పరిశోధకులు అది సుఖాంతమా, విషాదాంతమా అని నిర్ణయించడంతో సరిపెట్టుకోరాదు. ఆ ముగింపును ఏ వ్యవస్థలు శాసించాయో, దాని మూల్యం ఎవరు చెల్లించారో కూడా విచారించాలి. హైస్మిత్ నవల విలువ ఆ విచారణలోనే స్పష్టమవుతుంది.